ఐదో మేకు

అనగనగా ఒక కాలువ. కాలువ ఉంది కనుక దాని ఒడ్డున ఒక ఊరు. ఊరుంది కనుక అందులో తగవులు. ఆ ఊరి పేరు గుండ్లవాక.

గుండ్లవాకలో ఐదు వీధులు. ఐదు వీధుల పొలాలకూ ఆ ఒక్క కాలువే దిక్కు. పైనున్న మడికి నీరు ముందు అందుతుంది, చివరనున్న శివారు మడికి ఆఖర్న అందుతుంది. ఎవరి వంతు ఎప్పుడో, తూము ఎవరికోసం ఎంతసేపు ఎత్తాలో చెప్పేది ఐదుగురు కాలువ పెద్దలు. వంతు తప్పితే వరి ఎండుతుంది. వరి ఎండితే పొయ్యి ఆరుతుంది. కాబట్టి ఆ ఐదుగురి మాటంటే ఆషామాషీ కాదు.

రాజుగారి తాతగారు ఆ సంగతి ఎరిగినవాడు. మనుషుల సంగతి కూడా ఎరిగినవాడు. అందుకే తూము పక్కన ఒక రాతిమీద శాసనం చెక్కించాడు.

"ఐదేండ్లకొకమారు పెద్దలను ఊరే ఎన్నుకోవలెను. ఐదవ ఏడు నిండిన తొమ్మిది దినములలో ఎన్నిక జరుగవలెను. జరుపుట పెద్దల దయ కాదు, విధి."

ఆ రాతి పక్కనే ఒక తుమ్మ కంబం పాతించాడు. ప్రతి ఉగాదికీ పెద్దలలో పెద్ద వచ్చి, ఊరందరూ చూస్తుండగా, ఆ కంబానికి ఒక ఇనుప మేకు కొట్టాలి. ఒకటో మేకుకు ఒక గీత, రెండో మేకుకు రెండు గీతలు, అలా ఐదు. ఐదో మేకు పడిందంటే పాతవాళ్లు దిగాలి, కొత్తవాళ్లు ఎక్కాలి. పాత మేకులు పీకేసి మళ్లీ ఒకటి నుంచి మొదలు.

ఎన్నిక కూడా తేలికే. పోటీకి నిలబడ్డవాళ్ల పేరున తలా ఒక కుండ పెట్టి మూతికి గుడ్డ కడతారు. పొయ్యికో చింతగింజ. ఏ ఇంట పొయ్యి వెలుగుతుందో ఆ ఇంటివాళ్లు ఒక గింజ పట్టుకొచ్చి, గుడ్డ కింద చెయ్యి పెట్టి, నచ్చిన కుండలో వేస్తారు. గెలిచినవాళ్ల పేరూ వయసూ రాగిరేకు మీద గీసి కంబం మొదట్లో బిగిస్తారు. యాభై నిండనివాడు పెద్దరికానికి పనికిరాడని నియమం. అందుకే వయసు కూడా గీయడం.

ఇంత బాగా ఏర్పాటు చేసిన తాతగారు ఒక్క పొరపాటు చేశాడు. అదేమిటో మీకు ఇప్పుడే చెప్పను. మీరే పట్టుకోండి.

ఒకమారు ఎన్నికలో కోదండపతి అనే ఆయన పెద్దలలో పెద్ద అయ్యాడు. పైవీధి మనిషి. తూముకు దగ్గర్లోనే ఆయనకు తమలపాకు తోట ఉంది. అబద్ధమెందుకు, మొదటి నాలుగేళ్లూ ఆయన మంచిగానే చేశాడు. పూడిక తీయించాడు, గట్లు వేయించాడు, వంతు తప్పనివ్వలేదు. నాలుగు ఉగాదులకు నాలుగు మేకులు తన చేత్తోనే కొట్టాడు.

ఐదో ఉగాది వచ్చింది. జనం కంబం దగ్గర పోగయ్యారు. కోదండపతి సుత్తి లేకుండా వచ్చాడు.

"మేకు ఇంకా కొలిమిలోనే ఉందర్రా. ఇనుము కుదరలేదట. నాలుగు రోజులు ఆగుదాం. మనకు తొందరేముంది?" అన్నాడు చల్లగా.

నాకైతే చల్లగా మాట్లాడేవాళ్లంటే మొదటినుంచీ అనుమానమే. కానీ గుండ్లవాక జనం నాలాంటివాళ్లు కారు. "నిజమే, ఇనుము కుదరాలి గదా" అనుకుని ఇళ్లకు పోయారు. నాలుగు రోజులు నాలుగు నెలలయ్యాయి. ఏడాది తిరిగింది. తక్కిన నలుగురు పెద్దల్లో ఒకాయన కాలం చేశాడు. ఒకాయన కూతురి ఊరు వెళ్లిపోయాడు. మిగిలిన ఇద్దరూ కోదండపతి ఔనంటే ఔననేవాళ్లు.

ఆరో ఉగాదికి కోదండపతి మాట మార్చాడు.

"మేకుదేముంది, కొట్టేద్దాం. కానీ గింజ వేసే పొయ్యిలెన్నో ముందు తేలాలి. దొంగపొయ్యిలు పుట్టుకొచ్చాయని నా చెవిన పడింది."

ఆ మాట అందరిముందూ అన్నాడు. ఆ తర్వాత మాటలు మాత్రం ఒక్కొక్క వీధికీ వేరువేరుగా వెళ్లి అన్నాడు.

పైవీధిలో, "శివారువాళ్లు ఒక్క ఇంట రెండు పొయ్యిలు చూపిస్తున్నారట, కనిపెట్టి ఉండండి" అన్నాడు.

శివారు వీధిలో, "పైవీధివాళ్లు చచ్చినవాళ్ల పొయ్యిలు కూడా లెక్కలో పెడుతున్నారట, మీ మంచికోరి చెబుతున్నాను" అన్నాడు.

ఇంకేముంది. ఊరంతా మెడలు పైకెత్తి ఒకరింటి పొగ ఒకరు లెక్కపెట్టడం మొదలుపెట్టారు. స్నానానికి నీళ్లు కాచుకున్న ముసలమ్మను రెండో పొయ్యి ఎందుకు పెట్టావని నిలదీశారు. చెరో వంటా చేసుకుంటున్న అన్నదమ్ములు పండక్కి కలిసి వండుకుంటే, ఇన్నాళ్లూ వేరు పొయ్యి అని బొంకారా అన్నారు. వడియాలకు పిండి ఉడికించాలన్నా పక్కింటి గోడ మీద ఎవరి తల ఉందో చూసుకునే రోజులొచ్చాయి.

పొగ చూస్తున్నవాళ్లు నీరు చూడలేదు. తూము పక్క తమలపాకు తోట ఎకరం నుంచి మూడెకరాలైంది. శివారుకు నీరు రావడం తగ్గింది.

ఆ శివారులో పోలమ్మ అనే ఆవిడకు రెండు మళ్లున్నాయి. మగడు పోయాక రెండెడ్లను పెట్టుకుని సేద్యం తనే చూసుకుంటోంది. ఎడ్ల పేర్లు చుక్కడు, మల్లడు. పోలమ్మ కూడా తక్కువది కాదు. పక్కింటి జోగన్న ఇంట రెండు పొగలు లేస్తున్నాయని మొదట అరిచింది ఆవిడే. జోగన్న కూడా, చచ్చిన మగడి పేరున గింజ వేయాలని చూస్తున్నావని ఆవిణ్ణి అన్నాడు. ఇరవై ఏళ్లుగా ఒకే బోదెలో నీరు పారించుకున్న ఆ ఇద్దరికీ మాటలు ఆగిపోయాయి.

ఏడో ఉగాది వచ్చింది. కోదండపతి కంబం దగ్గర నిలబడి పెద్ద నిట్టూర్పు విడిచాడు.

"చూశారా, ఊరు ఎలా అయిపోయిందో. ఒకరంటే ఒకరికి నమ్మకం లేదు. ఇప్పుడు కుండలు పెడితే తలకాయలు పగులుతాయి. మీ మనసులు కుదుటపడ్డాక చూద్దాం. అందాకా ఈ భారం నేనే మోస్తాను, ఏం చేస్తాం."

చిచ్చు పెట్టినవాడే మంట చూసి జాలిపడ్డాడన్నమాట. జనంలో కొందరు ఆయన త్యాగానికి కళ్లు తుడుచుకున్నారు కూడా.

ఆ ఏడు పోలమ్మ నారుమడి రెండోసారి ఎండింది. ఆవిడ నారు పీకి చూసింది. వేరు దగ్గర తడి లేదు. కాలువ వెంట పైకి నడిచింది. నడవగా నడవగా తమలపాకు తోట దగ్గర చెప్పులు బురదలో దిగబడ్డాయి. అక్కడే నిలబడి చాలాసేపు ఆలోచించింది. అప్పుడుగాని ఆవిడకు తన మీద తనకు కోపం రాలేదు.

తిన్నగా జోగన్న ఇంటికి వెళ్లి గుమ్మంలో నిలబడింది.

"అన్నా, నీ ఇంట ఎన్ని పొయ్యిలు?"

జోగన్న మొహం చిట్లించాడు. "ఒకటి వంటకి, ఒకటి పశువుల కుడితికి. నీకెందుకు?"

"నాకక్కర్లేదని చెబుదామనే వచ్చాను. ఏడాదికి పైగా నేను నీ పొగ లెక్కపెట్టాను, నువ్వు నా పొగ లెక్కపెట్టావు. మన నీళ్లు ఎవరూ లెక్కపెట్టలేదు. నాదే బుద్ధితక్కువ."

జోగన్న లోపలినుంచి మంచినీళ్ల చెంబు తెచ్చి ఆవిడ చేతికిచ్చాడు.

ఇద్దరూ కలిసి రాజుగారికి కబురు పంపారు. రాజుగారు మంత్రిని పంపారు. మంత్రి పల్లకీలో వచ్చాడు. కంబానికి మేకులు లెక్కపెట్టాడు. నాలుగున్నాయి.

"నాలుగు మేకులంటే నాలుగేళ్లే గదా. గడువు నిండకుండానే గోల చేస్తున్నారేమిటి?" అన్నాడు.

"మేకు కొట్టలేదండీ. ఏళ్లు గడిచాయి" అంది పోలమ్మ.

"శాసనం మేకుల లెక్కే గాని నోటిలెక్క ఒప్పుకోదు" అన్నాడు మంత్రి. కోదండపతి ఇచ్చిన తాంబూలం వేసుకుని పల్లకీ ఎక్కాడు. లేత తమలపాకులు, చాలా రుచిగా ఉన్నాయని దారిపొడుగునా మెచ్చుకున్నాడట. ఆ ఆకులు ఎవరి నీళ్లు తాగి పెరిగాయో ఆయన అడగలేదు.

ఎనిమిదో ఉగాది రాబోతోంది. ఈ ఉగాదికి వంతులు తేలకపోతే మూడోసారి కూడా నారు ఎండుతుంది. అప్పుడిక చుక్కణ్ణీ మల్లణ్ణీ సంతలో అమ్మేసి, మడులు బీడు పెట్టి, కొండ అవతల తమ్ముడి పంచన చేరడం తప్ప పోలమ్మకు దారి లేదు. ఎడ్లకు కుడితి పెడుతూ వాటి మొహం చూడలేకపోయేది.

అప్పుడే ఊళ్లో చాటింపు వేశారు. కోదండపతికి షష్టిపూర్తి. ఉగాది మర్నాడు, చైత్ర శుద్ధ విదియనాడు. తూము దగ్గర పెద్ద పందిరి. రాజుగారు స్వయంగా, మంత్రితో సహా వస్తున్నారు. ఊరంతా భోజనానికి రావాలి.

ఉగాదినాడు మేకు మాట ఎత్తేవాళ్లే లేరు. పందిరి పనిలో అందరూ తలమునకలుగా ఉన్నారు. కంబం సరిగ్గా పందిరి మధ్యకు వచ్చింది. దాన్ని పందిరి రాటల్లో ఒకటిగా చేసి, కిందినుంచి పైదాకా బంతిపూల దండలు చుట్టేశారు. రాగిరేకూ కనపడదు, మేకులూ కనపడవు. ఎంత ముచ్చటగా ఉందో.

పోలమ్మ ఆ రోజు వంటశాలకు నీళ్లు మోసే పనికి కుదిరింది. విదియనాడు పొద్దున బిందెతో వెళుతుంటే గోదానానికి తెచ్చిన ఆవు కనిపించింది. మంచి పాడి ఆవు. దాని పలుపు ఒక ఇనుప మేకుకు కట్టి ఉంది. మేకు నేలలో దిగబడి తల మాత్రం పైకి ఉంది. పోలమ్మ వంగి చూసింది. మేకు తల మీద గీతలున్నాయి. వేలుతో తడుముకుంటూ లెక్కపెట్టింది.

ఐదు.

మూడేళ్లుగా కొలిమిలో ఉన్న మేకు అదే. మేకులు చేసే వీరాచారి పందిరి కింద కూర్చుని ఉన్నాడు. పోలమ్మ వెళ్లి మెల్లగా అడిగింది.

"బాబాయ్, ఐదో మేకు ఎప్పుడు చేసిచ్చావు?"

వీరాచారి అటూ ఇటూ చూశాడు. "ఆ ఉగాదికి నెల ముందే ఇచ్చేశానమ్మా. ఆయనేమో కాలేదన్నాడు. పెద్దమనిషి కదా, ఎదురు చెప్పలేకపోయాను" అని తల దించుకున్నాడు.

పోలమ్మకు ఒళ్లు మండింది. మేకు పీకి రాజుగారి ఎదుట పడేద్దామనుకుంది. మళ్లీ ఆగింది. 'మేకు చూపిస్తే, ఇవాళ్టికే తయారైందంటాడు. ఆచారి భయపడి ఔనంటాడు. మంత్రి మళ్లీ నాలుగు లెక్కపెట్టి పోతాడు. ఇనుముతో ఈయన లొంగడు' అనుకుంది. పందిరి వైపు చూసింది. పీటల మీద కోదండపతి పట్టుపంచెతో, పక్కన ఆయన భార్య సుభద్రమ్మ పెళ్లిచీరతో కూర్చున్నారు. అరవై దీపాలు వెలిగించారు. పురోహితుడు హోమంలో నెయ్యి పోస్తున్నాడు.

అరవై దీపాలు. పోలమ్మ బిందె కిందపెట్టింది.

పళ్లెంలో మంగళసూత్రం పట్టుకొచ్చే సమయానికి ఆవిడ రాజుగారి ఎదుటికి వచ్చి దండం పెట్టింది.

"మహారాజా, ఈ తంతు ఆపించండి. శాస్త్రం తప్పుతోంది. అరవై నిండందే షష్టిపూర్తి చేయకూడదంటారు. మా పెద్దయ్యగారికి ఇంకా యాభై ఆరే."

పందిరంతా గొల్లున నవ్వింది. కోదండపతి కూడా నవ్వాడు. "దీనికి ఎండదెబ్బ తగిలినట్టుంది. నా వయసు నాకు తెలియదా?"

రాజుగారు నవ్వలేదు. "ఏమాధారంతో అంటున్నావమ్మా?" అని అడిగారు.

పోలమ్మ కంబం దగ్గరికి వెళ్లి బంతిపూల దండలు లాగేసింది. మొదట్లో రాగిరేకు బయటపడింది. "చదివించండి మహారాజా."

మంత్రి వంగి చదివాడు. "కోదండపతి. యాభై రెండేండ్లు."

"ఆయన గెలిచిన చైత్రంలో గీసిన గీత అది. ఆ పైన చూడండి, మేకులెన్ని?"

"నాలుగు" అన్నాడు మంత్రి. అంటూనే గొంతు తగ్గించాడు.

"యాభై రెండూ నాలుగూ యాభై ఆరు. మంత్రిగారు పోయినేడు వచ్చి, ఈ ఊళ్లో నాలుగేళ్లే గడిచాయన్నారు. పెద్దయ్యగారు కాదనలేదు. మరి ఊరికి నాలుగేళ్లు గడిస్తే ఆయనకొక్కడికే ఎనిమిదేళ్లు ఎలా గడిచాయి? మా నారు రెండుసార్లు ఎండింది, ఆ ఏళ్లు ఏళ్లు కావు. ఆయన ఒంటిమీద పడ్డ ఏళ్లేనా ఏళ్లు?"

పందిట్లో నవ్వు ఆగిపోయింది.

రాజుగారు లేచి నిలబడ్డారు. "కోదండపతీ, నువ్వే చెప్పు. నీకు యాభై ఆరైతే, ఈ అగ్ని ముందు ఇంతమందిని పిలిచి అబద్ధపు పూజ చేస్తున్నావు. అరవై అయితే, నీ పెద్దరికం మూడేళ్ల కిందటే తీరిపోయింది. రెంటిలో ఏది?"

కోదండపతి మెల్లగా భార్య వైపు చూశాడు. యాభై ఆరని ఆవిడ ఒక్క మాటంటే గండం గడుస్తుందని ఆయన ఆశ.

సుభద్రమ్మ అగ్ని వైపు చూసింది. "నా పెళ్లినాటికి ఆయనకు పద్దెనిమిది. ఆ పెళ్లయి నలభై రెండేళ్లు. ఈ మంట ముందు నేను అబద్ధం ఆడలేను మహారాజా. ఆయనకు అరవయ్యే."

అప్పుడు వీరాచారికి ధైర్యం వచ్చింది. లేచి వెళ్లి, ఆవును విప్పి, నేలలోంచి మేకు పీకి తెచ్చి రాజుగారి పాదాల దగ్గర పెట్టాడు. మట్టి అంటిన ఐదు గీతలు అందరూ చూశారు.

రాజుగారు ఆ మేకును చేతిలోకి తీసుకుని, "తప్పు నాది కూడా. నేను కంబాన్ని నమ్మాను గాని ఊరిని అడగలేదు" అన్నారు. తర్వాత కోదండపతి చేతికి సుత్తి ఇప్పించారు. ఐదో మేకు ఆయనే కొట్టాలి, అది శాసనం. పట్టుపంచె కట్టుకుని, మెడలో పూలదండతో, ఊరందరూ చూస్తుండగా కొట్టాడు. మూడుసార్లు సుత్తి గురి తప్పింది.

తాళి మాత్రం కట్టనిచ్చారు. సుభద్రమ్మ నిజం చెప్పింది కదా, ఆవిడ పండగ ఎందుకు పాడుచేయాలి?

తొమ్మిది రోజులు తిరక్కుండా అదే పందిట్లో కుండలు పెట్టారు. జోగన్న ఒక్క గింజే తెచ్చాడు, పోలమ్మ ఒక్క గింజే తెచ్చింది. దొంగపొయ్యి అన్నది ఊరంతటిలో ఒక్కటీ తేలలేదు. కొత్త పెద్దలు ఐదుగురూ ఐదు వీధులవాళ్లు. వాళ్లలో ఆఖరి పేరు పోలమ్మది. రాగిరేకు మీద యాభై ఒకటి అని గీశారు.

రాజుగారు ఆవిణ్ణి, "ఏం కావాలో కోరుకోమ్మా" అన్నారు.

పోలమ్మ కంబం పక్కనున్న సుత్తిని తీసి రాజుగారి చేతికిచ్చింది. "దీన్ని మా దగ్గర ఉంచకండి మహారాజా. దిగిపోవలసినవాడి చేతికే గడువు చెప్పే సుత్తి ఇచ్చారు మీ తాతగారు. ఇకమీదట పెద్దరికం పీట మీద లేనివాళ్లు కొట్టాలి మేకు. ఉగాది రోజున వీధికొకరు వచ్చి, ఐదుగురూ కలిసి కొట్టాలి. నా మేకు పడకపోతే నన్ను కూడా ఇలాగే నిలదీయాలి."

"నిన్ను కూడానా?" అన్నారు రాజుగారు.

"నన్నే ముందు. ఆయన కూడా మొదటి నాలుగేళ్లూ మంచివాడే కదండీ."

ఆ ఆషాఢంలో తూము ఎత్తినప్పుడు నీరు ఐదు వీధులూ దాటి శివారు దాకా వచ్చింది. చుక్కడూ మల్లడూ మోకాటిలోతు బురదలో దమ్ము చేశారు. గట్టు మీద నిలబడి జోగన్న తన వంతు కోసం ఎదురుచూశాడు.

కథ ఇక్కడితో సరి. తాతగారి పొరపాటు మీరు ముందే పట్టుకున్నారో లేదో నాకు తెలియదుగాని, పిల్లలూ, ఇది మాత్రం గట్టిగా పట్టుకోండి: పీట మీద కూర్చున్నవాడి చేతికి గడువు లెక్క అప్పగించకూడదు, ఆ గడువు దాటాక ఎవరినైనా అనుమానించాలంటే పక్కింటి పొగను కాదు, దిగని పెద్దను అనుమానించాలి.